కెమెరా అక్క జవాబులు: ఎండను మచ్చిక చేసుకున్న టోనినో

పోయిన నెల ఈ పేజీలో మిట్టమధ్యాహ్నం ఎండలో ఫోటోలు తీయడం గురించి రాస్తూ, సెర్జియో లియోనె తీసిన కౌబాయ్ సినిమా 'ద గుడ్, ద బ్యాడ్ అండ్ ది అగ్లీ' ఒకసారి చూడమన్నాను. దాని కెమెరామన్ టోనినో డెల్లీ కొల్లీ అనే ఇటలీ ఆయన అని ఒక్క ముక్క రాసి ఊరుకున్నాను. వచ్చిన ఉత్తరాల్లో సగం ఆయన గురించే. అందుకని ఈ నెలకు మెమరీ కార్డులు, ట్రైపాడ్ల గొడవ పక్కన పెడుతున్నా. 'ఒక్క నెలకే' అని ఎడిటర్ గారు ముందే షరతు పెట్టారు.

అక్కా, మీరు చెప్పిన సినిమా ఫోన్ల చూసిన. అంత ఎండల ముఖాలు అంత మంచిగ ఎట్ల వచ్చినయ్? మేం పన్నెండు గంటల ముహూర్తానికి జీలకర్ర బెల్లం తీస్తే కండ్ల కింద నల్లగ గుంతలు పడుతున్నయ్. మొన్న పెండ్లికూతురు వాళ్లన్న ఆల్బమ్ తీసుకోనని లొల్లి పెట్టిండు.
– పెండ్లి వీడియోగ్రాఫర్, దేవరకొండ

తమ్ముడూ, ఆ సినిమా ఇంకోసారి చూడు. అందులో ముఖాలు నువ్వనుకునే 'మంచిగ' ఏమీ రాలేదు. చెమట, దుమ్ము, మాసిన గడ్డాలు, ఎండకు పగిలిన పెదవులు. టోపీ అంచు నీడ కండ్ల మీద పడితే పడనిచ్చారు. నువ్వు ఏ నీడను చూసి భయపడుతున్నావో, ఆయన దాన్నే వాడుకున్నాడు. ఆ కథలో ముగ్గురూ బంగారం కోసం ఒకరినొకరు చంపుకోవడానికి తిరిగే మనుషులు. వాళ్లకు పౌడర్ రాసిన ముఖాలు ఎందుకు?

ఆ ఎండ అమెరికాది కాదు, స్పెయిన్‌ది. దక్షిణాన అల్మెరియా దగ్గర తబెర్నాస్ అని ఒక ఎడారి ఉంది. చెట్టూ చేమా తక్కువ, రాళ్లు, ఎండిన వాగులు. వేసవిలో మా దేవరకొండ, చందంపేట దిక్కు చూసినోళ్లకు అది కొత్త ఊరేం అనిపించదు. చివర్లో ముగ్గురూ గుండ్రంగా నిలబడే శ్మశానం మాత్రం ఉత్తరాన బుర్గోస్ దగ్గర కట్టారు. దాదాపు 5,000 సమాధులు. కట్టింది స్పెయిన్ సైనికులు. అక్కడే బ్రిడ్జి పేల్చే సీన్ కూడా తీశారు. కెమెరాలు తిరగకముందే ఎవరో సైగను తప్పుగా అర్థం చేసుకుని బ్రిడ్జి పేల్చేశారు. మళ్లీ కట్టి మళ్లీ పేల్చారు! మన దగ్గర తాళి కట్టే క్షణం మిస్ అయితే 'ఇంకోసారి కట్టు బావా' అంటాం కదా, అట్లాంటిదే, కాకపోతే ఖర్చు కొంచెం ఎక్కువ.

ఇక అసలు సాంకేతికం. మామూలు 35 ఎం.ఎం. ఫిల్ములో ఒక్కో ఫ్రేము (ఒక్కో బొమ్మ) ఫిల్ము అంచున వరసగా ఉండే రంధ్రాల్లో నాలుగింటి ఎత్తు ఉంటుంది. ఈ సినిమా టెక్నిస్కోప్ పద్ధతిలో తీశారు. అందులో ఫ్రేము ఎత్తు రెండు రంధ్రాలే. టెక్నికలర్ వాళ్ల రోమ్ ల్యాబులో పుట్టిన పద్ధతి అది. దాంతో అదే రీలు రెండింతలు సేపు వస్తుంది, అంటే ఫిల్ము ఖర్చు సగం. పైగా వెడల్పు బొమ్మ కోసం ప్రత్యేకమైన స్కోప్ లెన్సులు అక్కర్లేదు, మామూలు లెన్సులు చాలు. వాటితో మనిషి ముఖానికి బాగా దగ్గరగా పోవచ్చు, వెనకాల కొండ కూడా కొంత స్పష్టంగానే కనిపిస్తుంది. లియోనె సినిమాల్లో తెర నిండా ఒక ముఖం, దాని చెవి పక్క నుంచి దూరంగా వచ్చే గుర్రం కనిపిస్తుంటుందే, దాని వెనక ఈ లెక్క ఉంది. ఇంత చేసినా నెగెటివ్ చిన్నది కాబట్టి పెద్ద తెర మీద బొమ్మ గరుకుగా ఉంటుంది. ఫోన్లో చూసినవు గనుక నీకు తెలియలేదు.

ఇంకో మాట. ఈ కౌబాయ్ సినిమాల వరసలో లియోనె తీసిన మొదటి రెండింటికీ కెమెరా మాస్సిమో దల్లమానో. 1966లో వచ్చిన ఈ మూడోదానితోనే డెల్లీ కొల్లీ చేరాడు. తర్వాత 1968లో 'వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ ద వెస్ట్', 1984లో 'వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా' కూడా ఈయనవే. 1968 సినిమా మొదట్లో రైల్వే స్టేషన్లో ముగ్గురు ఎదురుచూస్తుంటారు. జాక్ ఎలామ్ అనే నటుడి గడ్డం మీద ఒక ఈగ పాకుతుంటుంది. పెదవి పక్కకు పోతుంది, ఆయన ఊదుతాడు, పోదు. ఆ ఈగ కాళ్లు కూడా కనిపిస్తాయి. తర్వాత దాన్ని తుపాకి గొట్టంలో పట్టి వేలు అడ్డం పెట్టి, లోపల అది చేసే రొద వింటూ కూర్చుంటాడు. కథ ఒక్క అడుగు ముందుకు పోదు, నువ్వు మాత్రం తెర మీంచి కన్ను తిప్పవు.

నీ ఆల్బమ్ సంగతికి వస్తే, పెండ్లికూతురును తుపాకి వీరుడిలా చూపిస్తే వాళ్లన్న లొల్లి పెట్టకుండా ఎట్లుంటడు? పన్నెండు గంటలకు వెలుగు నడినెత్తి మీది నుంచి పడుతుంది. కాబట్టి కింది నుంచి కొంత వెలుగు తిరిగి ముఖానికి కొట్టాలి. పీటల ముందు తెల్ల బెడ్‌షీట్ పరిచినా కండ్ల కింద నలుపు సగానికి సగం పోతుంది. థర్మాకోల్ షీటు పట్టుకోవడానికి ఒక పిల్లగాడిని పెట్టుకో. అన్నిటికంటే ముందు టెంట్ వాడితో మాట్లాడు. నెత్తి మీద ఎర్ర షామియానా ఉంటే అందరి ముఖాలూ జ్వరం వచ్చినట్టుంటాయి, నీలం ఉంటే ఇంకా ఘోరం. అసలే పసుపు రాసిన ముఖం, పైన ఎర్ర గుడ్డ, పక్కన ఆకుపచ్చ పందిరి ఆకులు. కంప్యూటర్లో ఎంత కుస్తీ పట్టినా ఆ రంగులు విడదీయలేవు. మండపం మీద ఒక్క దగ్గరన్నా తెల్ల గుడ్డ వేయమను.

మేడమ్, ఆయన ఫిల్మ్ స్కూల్లో చదివారా? కెరీర్ ఎలా మొదలైందో కొంచెం వివరంగా రాయగలరా? మా విద్యార్థులకు చెప్పాలని.
– డిగ్రీ కాలేజీ లెక్చరర్, వనపర్తి

చదువుతో కాదు సార్, పనితోనే మొదలైంది. రోమ్‌లో చినెచిత్తా స్టూడియో 1937లో తెరిచారు. మరుసటి ఏడే, ఇంకా మీసాలు సరిగా రాని వయసులో ఆయన అక్కడ పనిలో చేరాడు. కెమెరాలు మోయడం, ఫిల్ము ఎక్కించడం, ఫోకస్ మార్చడం, అట్లా ఒక్కో మెట్టు ఎక్కి 1940లలోనే కెమెరామన్ అయ్యాడు. మధ్యలో యుద్ధం. చినెచిత్తా కొంతకాలం ఇల్లూవాకిలీ పోయిన శరణార్థులకు ఆశ్రయంగా మారింది. ఆ రోజుల్లో రోసెల్లినీ లాంటి దర్శకులు కెమెరాలతో వీధుల్లోకి వెళ్లి చరిత్రకెక్కారు. డెల్లీ కొల్లీ మాత్రం చాలా ఏళ్లు వచ్చిన సినిమా వచ్చినట్టు చేసుకుంటూ పోయాడు. కామెడీలు, ఏడుపు సినిమాలు, జనం చూసి మరిచిపోయేవి. విద్యార్థులకు ఈ ముక్క తప్పకుండా చెప్పండి. పెద్దోళ్ల జీవిత చరిత్రల్లో ఈ ఏళ్లను ఒక వాక్యంలో దాటేస్తారు, కానీ చేయి కుదిరేది అక్కడే.

1952లో ఇటలీ తొలి రంగుల సినిమాల్లో ఒకటైన 'తోతో ఎ కొలోరి' ఆయన చేతికి వచ్చింది. తోతో అంటే నేపుల్స్‌కు చెందిన మహా హాస్యనటుడు, మన రేలంగి లాగా ముఖం కనిపిస్తేనే జనం నవ్వేవారట. ఫిల్ము ఇటలీలోనే తయారైన ఫెరానియాకలర్. దానికి వెలుగు చాలా ఎక్కువ కావాలి. మామూలు గది వెలుతురులో దానికి ఏమీ కనిపించదు. అందుకని సెట్టు నిండా పెద్దపెద్ద లైట్లు పెట్టాలి. ఆ లైట్ల కింద మేకప్ వేసుకుని నవ్వించాలి. వేడి ఎట్లా ఉంటుందో మీరే ఊహించండి. రంగుల్లో ఎట్లా తీయాలో అడుగుదామంటే ఆ దేశంలో అంతకుముందు అట్లా పెద్ద సినిమా తీసినోళ్లు దాదాపు లేరు. మన తెలుగులో మొదటి పూర్తి రంగుల సినిమా 'లవకుశ' వచ్చింది 1963లో. అది కూడా డబ్బులు చాలక మధ్యలో ఏళ్లకేళ్లు ఆగిపోయింది.

మా నాన్న స్టూడియోలో రంగు ఫిల్ము రాకముందు నలుపు తెలుపు ప్రింట్ల మీద చేత్తో రంగులు వేసేవాళ్లం. ఆ పని నాది. అగ్గిపుల్లకు దూది చుట్టి, నూనె రంగు పలచగా అద్ది, ముందు బుగ్గలు, తర్వాత పెదవులు, చివరకు చీర అంచు. ఎక్కువైతే టర్పెంటైన్‌తో తుడవాలి. గంట కూర్చుంటే ఒక ఫోటో. అందరూ అడిగేది ఒకటే, 'బిడ్డా, కొంచెం ఎర్రగ చెయ్'. ఏ రంగు ఎక్కడ ఆపాలో ఆ పనిలో తెలిసింది. అందుకే డెల్లీ కొల్లీ సినిమాల్లో నాకు నచ్చేది ఏ రంగు వాడాడన్నది కాదు, ఎన్ని రంగులు వదిలేశాడన్నది. ఆ కౌబాయ్ సినిమాల్లో ఇసుక రంగు, మట్టి రంగు, తోలు రంగు. అంతే. ఆకాశం నీలం కూడా ఎండకు వెలిసిపోయినట్టే ఉంటుంది.

పసోలిని అనే ఇటలీ కవి సినిమాలకు కూడా ఆయనే కెమెరామన్ అని విన్నాను. కవి ఒక వైపు, కౌబాయ్ ఒక వైపు. ఇద్దరితో ఎట్లా కుదిరింది?
– సాహిత్యాభిమాని, సూర్యాపేట

ఈ ఉత్తరం చూసి చాలా సంతోషం అనిపించింది. అసలు కథ ఇక్కడుంది.

పియెర్ పావొలో పసోలిని 1961లో 'అక్కతోనె' అనే మొదటి సినిమా మొదలుపెట్టినప్పుడు పేరున్న కవి, నవలాకారుడు. కానీ కెమెరా గురించి తెలిసింది దాదాపు సున్నా. ఏ లెన్సు ఏం చేస్తుందో డెల్లీ కొల్లీ దగ్గరుండి చెప్పవలసి వచ్చింది. కథ రోమ్ శివారు బస్తీల్లో బతికే ఒక పనికిమాలిన కుర్రాడిది. నటులు చాలామంది ఆ బస్తీల వాళ్లే. పసోలిని మనసులో ఉన్నది సినిమాలు కావు, పాత చర్చి గోడల మీది బొమ్మలు, ముఖ్యంగా మసాచ్చో అనే పదిహేనో శతాబ్దపు చిత్రకారుడివి. ఆ బొమ్మల్లో మనిషి ఎదురుగా, బరువుగా, కదలకుండా నిలబడి ఉంటాడు. సరే, దొంగను, సోమరిపోతును కూడా అట్లాగే దేవుడి బొమ్మలా ఎదురుగా నిలబెట్టి తీశారు. నడి ఎండ, తెల్ల గోడ, నల్ల నీడ. బూడిద రంగులు తక్కువ.

ఇరవై ఏళ్లకు పైగా అనుభవం ఉన్న కెమెరామన్ అక్కడ 'ఇది పద్ధతి కాదు సార్' అనవచ్చు. మన దగ్గర సీనియర్లు అనకుండా ఉంటారా? ఈయన కొత్త దర్శకుడి తెలియనితనంలో ఉన్న బలాన్ని కనిపెట్టాడు. 1964లో ఏసు కథ 'సెయింట్ మాథ్యూ సువార్త' తీసేటప్పుడు ఇంకో చిక్కు వచ్చింది. దొంగను దేవుడిలా తీస్తే బాగుంది, మరి దేవుడినే దేవుడిలా తీస్తే? క్యాలెండర్ బొమ్మ అవుతుంది. అందుకని పసోలిని దారి మార్చాడు. జూమ్ లెన్సులు, చేత్తో పట్టుకున్న కెమెరా, గుంపులో నిలబడి భుజాల మధ్య నుంచి తొంగి చూసినట్టు తీయడం. దక్షిణ ఇటలీలో మతేరా అనే ఊరు, కొండను తొలిచి కట్టుకున్న ఇండ్లు. ఆ ఊరే జెరూసలేం అయింది. ముసలి వయసులోని ఏసు తల్లి మేరీగా నటించింది పసోలిని సొంత తల్లి.

1966లో ఇదే పసోలిని, తోతోను పెట్టి మాట్లాడే కాకి కథ తీశాడు. కెమెరా దగ్గర మళ్లీ డెల్లీ కొల్లీ, ఇంకొకరితో కలిసి. అదే ఏడు స్పెయిన్‌లో ముగ్గురు కౌబాయ్‌లు! పొద్దున కాకి, సాయంత్రం గుర్రం అన్నట్టుంది. 1975లో పసోలిని హత్యకు గురయ్యేదాకా, చివరి సినిమా 'సలో' వరకూ, మధ్యలో కొన్ని వేరేవాళ్లు చేసినా ఈ జోడీ నిలిచింది. ఆ ఏళ్లలోనే ఫ్రాన్స్ దర్శకుడు లూయీ మాల్‌తో 'లకోంబ్, లూసియెన్', లీనా వెర్ట్‌ముల్లర్‌తో 'సెవెన్ బ్యూటీస్' కూడా చేశాడు. తర్వాత ఫెల్లినీ చివరి సినిమాలు, రోమన్ పోలాన్‌స్కీ సినిమాలు. వీటిని వరసగా పెట్టి చూస్తే ఒకే మనిషి తీశాడని కనిపెట్టడం కష్టం. కొందరు విమర్శకులు దీన్ని లోపంగా చూస్తారు, సొంత ముద్ర లేదంటారు. నాకైతే అదే పెద్ద గొప్ప. ముద్ర వేసుకోవడానికి దర్శకుడి కథ ఏమన్నా రేషన్ కార్డా?

మన మట్టి వెలుగును ఎవరన్నా అట్లా పట్టుకున్నారా అంటే, బి. నర్సింగరావు 'దాసి' చూడండి. 1988 సినిమా. గడీ లోపలి చీకటి, వాకిట్లో పడే ఎండ ముక్క. కెమెరా ఎ.కె. బీర్, జాతీయ అవార్డు వచ్చింది.

ఆయనకు ఆస్కార్ ఎన్నిసార్లు వచ్చింది?
– ఇంటర్ విద్యార్థిని, నాగర్‌కర్నూల్

ఒక్కసారి కూడా రాలేదమ్మా, నామినేషన్ కూడా లేదు. ఆయన ఆఖరి సినిమా 'లైఫ్ ఈజ్ బ్యూటిఫుల్' (1997)కి మూడు ఆస్కార్లు వచ్చాయి, అందులో ఫోటోగ్రఫీ లేదు. ఇటలీలో మాత్రం అక్కడి పెద్ద సినిమా పురస్కారాలైన డేవిడ్ డి డొనాటెల్లో అవార్డులు అందుకున్నాడు. 2005లో అమెరికా సినిమాటోగ్రాఫర్ల సంఘం తన అంతర్జాతీయ పురస్కారం ఇచ్చింది. అదే ఏడు ఆగస్టులో రోమ్‌లో పోయాడు. మూడు ఆస్కార్ల ఇటలీ కెమెరామన్ కావాలంటే విత్తోరియో స్తొరారో ఉన్నాడు. ఎ.ఆర్. రెహమాన్ సంగీతం ఇచ్చిన ఇరాన్ సినిమా 'ముహమ్మద్: ద మెసెంజర్ ఆఫ్ గాడ్'కి ఆయనే కెమెరా.

అక్కా, కార్తీకమాసంలో గుళ్లో దీపాల వెలుతురులో ఫోటోలు తీస్తే ఫ్లాష్ వేస్తే పాడవుతోంది, వేయకపోతే చీకటి. సినిమాల్లో కొవ్వొత్తి వెలుతురులో ఎట్లా తీస్తారు?
– గృహిణి, నల్లగొండ

మీ ఊళ్లోనే దీనికి బడి ఉంది వదినా. పానగల్లు ఛాయా సోమేశ్వరాలయం. గర్భగుడిలో ఒక స్తంభం నీడ పొద్దంతా కదలకుండా పడుతుందని అందరికీ తెలుసు. ఎందుకో చూశారా? లోపలికి ఎండ నేరుగా రాదు. బయట నేలకు, రాళ్లకు తగిలి చెదిరిన వెలుతురు స్తంభాల సందుల్లోంచి వస్తుంది. సూర్యుడు ఎటు జరిగినా ఆ వెలుతురు వచ్చే దారి మారదు, కాబట్టి నీడా మారదు. ఈసారి పోయినప్పుడు దండం పెట్టుకున్నాక వెనక్కి తిరిగి, వెలుతురు ఎక్కడి నుంచి వస్తోందో చూడండి. అక్కడ పట్టుచీర కట్టుకున్న మనిషిని స్తంభం పక్కన, వాకిలి వైపు ముఖం తిప్పి నిలబెడితే ఒక చెంప మెరుస్తుంది, రెండోది మెల్లగా నీడలోకి జారుతుంది. చీర జరీ ఒక్కో పోగూ కనిపిస్తుంది. ఫ్లాష్ వేస్తే ఈ సంపదంతా పోయి గోడకు అంటించిన పోస్టర్ మిగులుతుంది.

డెల్లీ కొల్లీ ఈ పనిలో ఎంత ఘనుడో 1986 నాటి 'ద నేమ్ ఆఫ్ ద రోజ్'లో కనిపిస్తుంది. 1327లో ఒక క్రైస్తవ మఠంలో హత్యలు జరుగుతుంటాయి. లోపలి సీన్లు కొన్ని జర్మనీలోని ఎబర్‌బాఖ్ అనే నిజం మఠంలో తీశారు. చలికాలపు మసక పగలు, సన్నటి కిటికీలు, దివ్వెలు. గది సగం కనిపించదు. కనిపించని సగమే మనల్ని భయపెడుతుంది. ఇట్లాంటి సీన్లలో దీపం ఒక్కటే వెలుగివ్వదు. దీపం ఉన్న దిక్కు నుంచే చిన్న లైటు దాచి పెడతారు. చూసేవాడు దీపమే వెలిగిందనుకుంటాడు.

మీరు లైట్లు మోసుకుపోనక్కర్లేదు. ఫోన్ తెర మీద దీపం మంట కనిపించే చోట వేలు పెట్టండి, పక్కన వచ్చే సూర్యుడి గుర్తును కొంచెం కిందికి లాగండి. మంట తెల్లగా పేలిపోకుండా పసుపు పచ్చగా నిలబడుతుంది. ఒక్క దీపం కాదు, ఏడెనిమిది గుత్తిగా పెట్టి ముఖాన్ని వాటికి దగ్గరగా తీసుకురండి, కొంగు మాత్రం జాగ్రత్త. తీస్తున్నంతసేపు మోచేతులు ఒంటికి ఆనించుకోండి.

మా బాబు డిగ్రీ ఆఖరి ఏడు. సినిమా కెమెరామన్ అవుతానని రెండు లక్షల కెమెరా కొనమని పట్టు పట్టాడు. వాళ్ల నాన్న వద్దంటారు. ఇంట్లో రోజూ టెన్షన్. ఏం చేయమంటారు?
– ఒక తల్లి, మహబూబ్‌నగర్

చెల్లె, అప్పు చేసి మాత్రం ఇప్పుడే కొనకు. డిగ్రీ అయిపోనీ. పుణెలోని ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ)లో, కోల్‌కతాలోని సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్‌లో సినిమాటోగ్రఫీ చదవాలంటే డిగ్రీ కావాలి. ఎంట్రెన్స్ రాయాలి, సీట్లు చాలా తక్కువ. హైదరాబాద్‌లో జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ (జేఎన్‌ఏఎఫ్‌ఏయూ)లో ఫోటోగ్రఫీ కోర్సు ఉంది. సీటు వస్తే మంచిదే, రాకపోతే కొంపేం మునగదు. పైన చెప్పిన టోనినో మొదలుపెట్టింది కెమెరా మోసే పనితోనే.

ఈ వేసవి ముహూర్తాలకు మీ దగ్గరలో బాగా నడిచే ఒక స్టూడియోలో బాబును అసిస్టెంట్‌గా పెట్టు. జీతం గురించి పేచీ వద్దు, బస్సు చార్జీలు, భోజనం ఇస్తే చాలు. లైటు పట్టుకోవడం, బ్యాటరీలు చార్జింగ్ పెట్టడం, రాత్రి రెండింటికి అప్పగింతల్లో నిద్ర ఆపుకుని నిలబడటం, కార్డులు కాపీ చేసి రెండు చోట్ల దాచడం. సీజన్ అయ్యేసరికి వాడికే తెలుస్తుంది, కావలసింది కెమెరానా, ఆ పనా అని.

అప్పటికీ అడిగితే లెన్సు లేని కెమెరా బాడీ సెకండ్ హ్యాండ్‌ది తీసుకో, మిగిలిన డబ్బు ఒక మంచి 50 ఎం.ఎం. లెన్సు మీద పెట్టు. కొనేముందు షట్టర్ ఎన్నిసార్లు కొట్టిందో చూడమను, సెన్సర్ మీద మచ్చలున్నాయేమో ఆకాశం ఫోటో తీసి చూడమను. ఒరిజినల్ బిల్లు లేకుండా ఎంత చవకకు ఇస్తామన్నా ముట్టుకోవద్దు.